కడపంక్తికీ మూడు కోఫ్తాలు

వడ్డించేవాడు మనవాడైతే కడపంక్తిలో కూర్చున్నా ఫరవాలేదని తెలుగువారి సామెత. మన ఇళ్లలో మాత్రం వడ్డించే మనిషే కడపంక్తిలో కూర్చుంటుంది. దస్తర్‌ఖాన్ పరచి, మగవారికీ పిల్లలకూ పెట్టి, వచ్చిన చుట్టానికి కొసరి కొసరి వడ్డించి, ఆఖరున తన పళ్లెం ముందు వేసుకునే సరికి గిన్నె అడుగున ఏం మిగిలి ఉంటుందో వండిన ఇల్లాలికి బాగా తెలుసు. ఒక ఎముక, రెండు బంగాళదుంప ముక్కలు, నాలుగు చెంచాల సాలన్. ఆమెను ఎవరూ తినవద్దనలేదు. ఎవరూ కావాలని మోసం చేయలేదు. ముక్కల కూరకు లెక్క ఉండదు, అంతే. పెద్ద ముక్క ఒకరికి, చిన్న ముక్క మరొకరికి, "ఇంకొకటి వేసుకో బాబూ" అన్న ఆప్యాయత ఇంకొకరికి పోగా కూర అయిపోతుంది.

లెక్క ఉన్న మాంసాహారం ఒకటుంది. అదే కోఫ్తా. అన్నీ ఒకే కొలత, ఒకే బరువు. ఇరవై నాలుగు చేస్తే ఇరవై నాలుగే. ఎనిమిది మంది ఉన్న ఇంట్లో తలకు మూడు. తొమ్మిదో చేయి గిన్నెలోకి వెళితే అందరికీ తెలుస్తుంది. అర కిలో ఖీమాతో ఇరవై నాలుగు కోఫ్తాలు ఎలా వస్తాయంటారా? అందులో ఒక టీ గ్లాసు బియ్యం కలుస్తుంది కనుక. ఖీమాలో బియ్యం కలిపి, సాలన్‌లో వేసి, పొయ్యి మీదే నెమ్మదిగా ఉడికించే ఈ కోఫ్తా గురించి, ఇంటిల్లిపాదికీ అది పంచిపెట్టే న్యాయం గురించి ఈ వారం మాట్లాడుకుందాం.

దంచిన మాంసం, దూరం నడిచిన మాట

కోఫ్తా అనే మాట ఫార్సీ నుంచి వచ్చింది. ఆ భాషలో 'కూఫ్తన్' అంటే దంచడం. యంత్రాలు లేని రోజుల్లో మాంసాన్ని రోట్లో వేసి, నార తెగి ముద్ద అయ్యేదాకా దంచేవారు. అందుకే ఆ పేరు. బాగ్దాద్ నగరంలో ముహమ్మద్ బిన్ అల్ హసన్ అల్ బగ్దాదీ 1226లో ఒక వంటల పుస్తకం రాశారు. ఎర్రని మాంసాన్ని మసాలాతో దంచి, ఉండలు చుట్టి, ఉడుకుతున్న కూరలో వదిలే పద్ధతి అందులో పలుచోట్ల కనిపిస్తుంది. అంటే దాదాపు ఎనిమిది వందల ఏళ్లనాడే ఈ వంట కాగితానికెక్కింది.

ఇందులో బియ్యం కలపడం ఇరాన్, తుర్కియే దేశాల్లో ఇంటింటి వంట. ఇరాన్‌లో 'కోఫ్తె బెరెంజీ' అంటారు. బెరెంజ్ అంటే బియ్యమే. అందులో మాంసం, బియ్యం, పప్పు, బోలెడన్ని పచ్చి ఆకులు కలుస్తాయి. తబ్రీజ్ పట్టణపు కోఫ్తా మరీ పెద్దది. ఒక్కొక్కటి రెండు చేతుల్లో పట్టేంత ఉంటుంది. దాని కడుపులో వేయించిన ఉల్లిపాయ, అక్రోటు పలుకులు, ఎండు పండ్లు, ఒక్కోసారి ఉడికించిన గుడ్డు కూడా పెడతారు. తుర్కియేలో చిన్న చిన్న ఉండలు చేసి పులుసులో ఉడికించి, చివరన గుడ్డు, నిమ్మరసం గిలకొట్టి పోస్తారు. పక్కనున్న గ్రీసు దేశంలోనూ ఇదే వంట ఉంది. అక్కడ దాని పేరు 'యూవర్లాకియా'. గుండ్రం అనే అర్థమున్న తుర్కీ మాట నుంచి ఆ పేరు పుట్టింది.

అమెరికాలో 1930ల నాటి ఆర్థిక మాంద్యంలో ఉద్యోగాలు పోయి, మాంసం కొనడమే కష్టమైన ఇళ్లలో గొడ్డు మాంసపు ఖీమాలో పచ్చి బియ్యం కలిపి టమాటా రసంలో ఉడికించే వంట బాగా వాడుకలోకి వచ్చింది. ఉడికిన బియ్యపు గింజలు ఉండ మీద ముళ్లలా పైకి లేస్తాయి కనుక దానికి ముళ్లపంది కోఫ్తా అని పేరు పెట్టారు. పేరు విని ఉలిక్కిపడనక్కరలేదు. ఆ జంతువుకూ ఈ వంటకూ ఏ సంబంధమూ లేదు, ముళ్ల పోలిక ఒక్కటే.

మన దక్కనుకు ఫార్సీ మాటలు కొత్త కాదు. గోల్కొండను 1518 నుంచి 1687 వరకు ఏలిన కుతుబ్‌షాహీల దర్బారు భాషల్లో ఫార్సీది పెద్దపీట. కోఫ్తా అనే మాట మన నోట అచ్చంగా ఇంటి మాటే అయిపోయింది. అయితే మన దాదీలు, నానీలు కోఫ్తాలో బియ్యం కంటే వేయించిన పుట్నాల పొడి, గసగసాలు ఎక్కువ వాడారు. ఆ పద్ధతి మంచిదే. కానీ గసగసాల ధర అందరికీ అందుబాటులో ఉండదు. బియ్యం లేని ఇల్లు మన వైపు ఉండదు.

బియ్యం చేసే మూడు పనులు

బియ్యం కలపడం పేదరికపు సర్దుబాటు అనుకుంటే పొరపాటు. అది మూడు పనులు చేస్తుంది.

మొదటిది అందరికీ తెలిసిందే, పరిమాణం పెంచడం. వంద గ్రాముల బియ్యం నానితే నూట ముప్పై గ్రాముల దాకా తూగుతుంది. ఉడికాక ఇంకా ఉబ్బుతుంది. ఉల్లిపాయ, కొత్తిమీర కూడా కలిస్తే అర కిలో ఖీమా ముద్ద ముప్పావు కిలోకు దగ్గరగా వస్తుంది.

రెండవది, కోఫ్తాను మెత్తగా ఉంచడం. పెద్ద మాంసంలో, అందులోనూ గేదె, దున్న మాంసంలో కొవ్వు తక్కువ. ఉత్త ఖీమాను ఉండ కట్టి ఉడికిస్తే రసమంతా సాలన్‌లోకి దిగిపోయి, ఉండ రబ్బరు బంతిలా గట్టిపడుతుంది. లోపల బియ్యం ఉంటే ఆ రసాన్ని గింజ పీల్చుకుంటుంది. పళ్లు లేని దాదీ కూడా వేళ్లతో చిదుపుకుని తినగలుగుతుంది. పాలపళ్ల పిల్లలకూ అంతే.

మూడవది చాలామంది గమనించని పని. కోఫ్తా ఉడికిందో లేదో బియ్యపు గింజే చెబుతుంది. దాని సంగతి ముందు చూద్దాం.

ఖీమా కొనేటప్పుడు

ఆంధ్రప్రదేశ్‌లోనూ తెలంగాణలోనూ 1977 నాటి చట్టం ఆవును వధించడాన్ని నిషేధించింది. ఇతర పెద్ద పశువుల విషయంలో అవి సేద్యానికీ పాడికీ పనికిరావని అధికారి ధ్రువపత్రం ఉండాలి. కనుక మన వైపు పెద్ద మాంసం అంటే సాధారణంగా గేదె, దున్న మాంసమే. నమ్మకమైన దుకాణంలో, పశువైద్యుడి తనిఖీ జరిగిన మాంసం కొనడం ఆరోగ్యానికీ మంచిది, మనశ్శాంతికీ మంచిది.

ముందే కొట్టి పళ్లెంలో పోసిపెట్టిన ఖీమా వద్దు. తొడ భాగం నుంచి ముక్క చూపించి, కళ్లెదుటే కొట్టించుకోవాలి. కొంచెం కొవ్వు కూడా వేయమని అడగాలి. అర కిలోకు యాభై గ్రాములు చాలు. కత్తితో కొట్టించినా సరే, యంత్రంలో వేయించినా సరే, కోఫ్తాకు సన్నగా ఉండాలి. యంత్రమైతే రెండుసార్లు తిప్పించండి.

చాలా ఇళ్లలో ఖీమాను జల్లెడలో వేసి కడుగుతారు. అలా చేస్తే నీరు ముద్దలో ఉండిపోతుంది, ఉండ విచ్చిపోతుంది. కడగాలనుకుంటే ఖీమా కొట్టకముందే ముక్కను కడిగించి, గుడ్డతో తుడిపించాలి. ఇంటికి తెచ్చిన ఖీమాను ఆ పూటే వండాలి. లేదా వెంటనే ఫ్రిజ్‌లో పెట్టాలి. ముక్కకు బయటి వైపు మాత్రమే అంటుకుని ఉండే సూక్ష్మక్రిములు, కొట్టిన తర్వాత ఖీమా అంతటా కలిసిపోతాయి. అందుకే ముక్క మాంసం కంటే ఖీమా త్వరగా చెడుతుంది. దాన్ని లోపలి దాకా ఉడికించడం కూడా అంతే ముఖ్యం.

ఏ బియ్యం? ఎంత నానాలి?

దీనికి బాస్మతి అవసరం లేదు. బాపట్లలో రూపుదిద్దుకుని 1986లో విడుదలైన సాంబ మసూరి, అదే మన రైతులు 'బీపీటీ' అని పిలిచే సన్న బియ్యం, చక్కగా పనికొస్తుంది. రేషన్ బియ్యమైనా ఇబ్బంది లేదు. అయితే పాత బియ్యం కావాలి. కొత్త బియ్యం జిగురు కట్టి కోఫ్తాను ముద్ద చేస్తుంది.

పచ్చి బియ్యాన్ని కడిగి, అరగంట నానబెట్టి, నీరంతా ఓడ్చి, గుడ్డ మీద పది నిమిషాలు ఆరబెట్టాలి. నానని బియ్యం వేస్తే కోఫ్తా మధ్యలో గింజ పలుకుగా ఉండిపోతుంది. అలాగని వండిన అన్నం వేస్తే సాలన్‌లో నలభై నిమిషాలు ఉడికే సరికి అది మెత్తటి ముద్ద అవుతుంది. నానిన పచ్చి బియ్యమే అన్ని విధాలా మేలు. కొలత విషయంలో ఆశపడకూడదు. ఖీమా బరువులో అయిదో వంతు బియ్యం సరిపోతుంది. అంతకు మించితే ఉండ నిలవదు, నోటికి మాంసం రుచీ తగలదు.

కావలసినవి (ఎనిమిది మందికి)

కోఫ్తాలకు: పెద్ద మాంసపు ఖీమా అర కిలో, బియ్యం 100 గ్రాములు (సుమారుగా ఒక టీ గ్లాసు), సన్నగా తరిగిన ఉల్లిపాయ ఒకటి, పచ్చిమిర్చి నాలుగు, అల్లం వెల్లుల్లి ముద్ద రెండు చెంచాలు, కొత్తిమీర, పుదీనా గుప్పెడు, పసుపు పావు చెంచా, కారం ఒక చెంచా, గరం మసాలా అర చెంచా, ఉప్పు ఒక చెంచా.

సాలన్‌కు: నూనె నాలుగు పెద్ద చెంచాలు, ఉల్లిపాయలు మూడు, అల్లం వెల్లుల్లి ముద్ద ఒక చెంచా, టమాటాలు రెండు, పసుపు, కారం, ధనియాల పొడి రెండు చెంచాలు, కరివేపాకు ఒక రెమ్మ, చింతపండు చిన్న ఉసిరికాయంత, తగినంత ఉప్పు, నీళ్లు ముప్పావు లీటరు.

కలిపే పద్ధతి

ఉల్లిపాయ తరుగుకు చిటికెడు ఉప్పు రాసి, అయిదు నిమిషాల తర్వాత గట్టిగా పిండి నీరు తీసేయాలి. కోఫ్తాలు విడిపోవడానికి సగం కారణం ఈ ఉల్లిపాయ నీరే.

వెడల్పాటి పళ్లెంలో ఖీమా వేసి, ముందుగా ఉప్పు ఒక్కటే కలిపి, చపాతీ పిండి పిసికినట్టు నాలుగైదు నిమిషాలు పిసకాలి. ఉప్పు తగలగానే మాంసంలోని మాంసకృత్తులు కొంత కరిగి జిగురుగా మారతాయి. చేతికి అంటుకుంటూ, లాగితే సన్నటి తీగలు సాగినట్టు కనిపిస్తుంది. ఆ జిగురే ఉండను పట్టి ఉంచుతుంది. గుడ్డు, శనగపిండి ఏవీ అవసరం లేదు. మన పూర్వీకులు రోట్లో దంచి సాధించిన పని ఇదే. తర్వాత మసాలాలు, పిండిన ఉల్లిపాయ, ఆకులు కలపాలి. బియ్యాన్ని అన్నిటికన్నా చివర వేసి, గింజ విరగకుండా తేలిగ్గా కలిపి, మూతపెట్టి పావుగంట చల్లని చోట ఉంచాలి.

ఇక ఉండలు. చేతికి తడి చేసుకుని, ముద్దను ముందు నాలుగు సమాన భాగాలు చేయండి. ఒక్కో భాగంలో ఆరు. మొత్తం ఇరవై నాలుగు. ఒక్కోటి ముప్పై గ్రాములు, చిన్న నిమ్మకాయంత. ఉడికాక పెద్ద నిమ్మకాయంత అవుతుంది. కంటి అందాజుతో చుట్టుకుంటూ పోతే మొదటివి పెద్దవిగా, చివరివి చిన్నవిగా వస్తాయి. ఆ చిన్నవి ఎవరి పళ్లెంలోకి చేరతాయో వేరే చెప్పనక్కరలేదు కదా! అందుకే భాగాలు చేసి చుట్టడం. ఈ పని పిల్లలకు అప్పగించవచ్చు. తామే లెక్కపెట్టి చుట్టిన పిల్లలు దస్తర్‌ఖాన్ మీద ఆ లెక్క మరచిపోరు.

పొయ్యి మీద

దీనికి కుక్కర్ కంటే వెడల్పు మూతి గిన్నె మంచిది. అడుగు మందంగా, పది అంగుళాల వెడల్పు ఉంటే ఇరవై నాలుగు కోఫ్తాలు ఒకే వరసలో పడతాయి. ఒకదాని మీద ఒకటి పడితే కింది వాటి ఆకారం చెడుతుంది.

నూనె కాగాక కరివేపాకు, ఉల్లిపాయలు వేసి బంగారు రంగు వచ్చేదాకా వేయించాలి. అల్లం వెల్లుల్లి పచ్చివాసన పోయాక పొడులన్నీ వేసి, మాడకుండా కాసిన్ని నీళ్లు చిలకరించాలి. టమాటాలు వేసి నూనె తేలేదాకా మగ్గనివ్వాలి. ముప్పావు లీటరు నీళ్లు, ఉప్పు వేసి తెర్లనివ్వాలి. సాలన్ బాగా మరుగుతున్నప్పుడే కోఫ్తాలు వేయాలి. గోరువెచ్చని సాలన్‌లో వేస్తే పైపొర గట్టిపడేలోగా ఉండ విచ్చిపోతుంది.

ఇరవై మూడు పక్కన పెట్టి ముందుగా ఒక్కటి వేసి చూడండి. అయిదు నిమిషాలు నిలబడితే మిగతావి ఒక్కొక్కటిగా, ఒకదానికొకటి కాస్త ఎడంగా వదలండి. విచ్చుకుంటే కంగారు వద్దు. మిగిలిన ముద్దను మరి కాసేపు పిసికి, రెండు చెంచాల పుట్నాల పొడి కలిపి మళ్లీ చుట్టండి.

వేశాక పది నిమిషాల పాటు గంటె ముట్టుకోకూడదు. మసిగుడ్డతో గిన్నె అంచులు రెండు వైపులా పట్టుకుని మెల్లగా అటూ ఇటూ తిప్పితే చాలు. తర్వాత మంట తగ్గించి, మూతపెట్టి ముప్పై అయిదు, నలభై నిమిషాలు ఉడకనివ్వాలి. సాలన్ గుబగుబ ఉడకకూడదు, అక్కడొక బుడగ ఇక్కడొక బుడగ రావాలి. మధ్యలో ఒకసారి చెంచాతో కోఫ్తాలను నెమ్మదిగా బోర్లించండి. బియ్యం నీరు పీలుస్తుంది కనుక సాలన్ ఇగిరిపోతున్నట్టు కనిపిస్తే వేడినీళ్లే పోయాలి, చన్నీళ్లు పోయవద్దు.

చింతపండు పులుసు మాత్రం గింజ మెత్తబడ్డాకే పోయాలి. పులుపు ముందే తగిలితే బియ్యం త్వరగా ఉడకదు. పులుసు పోశాక ఇంకో అయిదు నిమిషాలు ఉడికించి, కొత్తిమీర చల్లి దించేయండి.

గింజ చెప్పే సాక్ష్యం

ఖీమా వంటలో అన్నిటికన్నా పెద్ద ప్రమాదం లోపల పచ్చిగా ఉండిపోవడం. ఖీమా మధ్య భాగం 71 డిగ్రీల సెంటిగ్రేడు వేడి చేరితేనే హానికర క్రిములు నశిస్తాయని ఆహార నిపుణుల మాట. మన వంటిళ్లలో ఆ వేడి కొలిచే సాధనాలు ఉండవు. రంగును నమ్ముకుందామంటే అదీ కుదరదు. కారం, పసుపు కలిసిన కోఫ్తాలో ఎరుపు ఏది, పచ్చి ఏది తెలియదు.

ఇక్కడే బియ్యం ఆదుకుంటుంది. ఒక కోఫ్తాను తీసి, సగానికి తుంచి, నట్టనడుమ ఉన్న గింజను వేళ్లతో నలిపి చూడండి. లోపల తెల్లటి పలుకు లేకుండా పూర్తిగా నలిగితే, ఆ నడుమ భాగం చాలాసేపు బాగా వేడెక్కి ఉన్నట్టే. మాంసం ఉడికి ఎంతో సేపయిందన్న మాట. పలుకు తగిలితే మరో పది నిమిషాలు మూతపెట్టండి. అన్నం ఉడికిందో లేదో మెతుకు పట్టి చూసే అలవాటు మనకు పుట్టుకతో వచ్చింది. అదే చూపు ఇక్కడా పనికొస్తుంది.

దస్తర్‌ఖాన్ మీద

వంట బాగా కుదిరింది. ఇక అసలు విషయం. ఇరవై నాలుగు కోఫ్తాలు, ఎనిమిది మంది. వడ్డన మొదలుపెట్టక ముందే వండిన ఇల్లాలి పళ్లెం కూడా మిగతా పళ్లాల పక్కన ఉండాలి. మూడు కోఫ్తాలు అందులోనూ పడాలి. ఆ ఇంటి కోడలిదైనా, పనిలో సాయం చేసిన మనిషిదైనా అదే లెక్క. రుచి చూడటానికి తుంచిన కోఫ్తా ఎవరి వాటాలోంచి పోయిందన్న పేచీ వస్తే, అది వంట చేసిన మనిషి వాటాలోంచి మాత్రం కాకూడదు.

అన్నం వండి తెచ్చిన సేవకుణ్ణి పక్కన కూర్చోబెట్టుకోవాలని, అలా కుదరకపోతే ఒకటి రెండు ముద్దలైనా అతనికి ఇవ్వాలని, పొయ్యి సెగను భరించింది అతడే కదా అని దైవప్రవక్త (స) బోధించారు. సేవకుడికే అంత హక్కు ఉన్నప్పుడు, జీవితమంతా ఆ సెగ ముందు నిలబడిన అమ్మకు, భార్యకు, ఆపాకు ఎంత హక్కు ఉండాలో ఎవరికి వారు ఆలోచించుకోవచ్చు.

ఇది కేవలం మర్యాద విషయం కాదు, ఒంట్లో రక్తం విషయం. 2019-21లో జరిగిన జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం మన దేశంలో 15 నుంచి 49 ఏళ్ల మహిళల్లో నూటికి 57 మందికి రక్తహీనత ఉంది. మన రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ పరిస్థితి దాదాపు అంతే. ఎర్ర మాంసంలోని ఇనుము ఆకుకూరల్లో, పప్పుల్లో ఉన్న ఇనుము కంటే సులభంగా ఒంటికి పడుతుంది. పైగా అదే భోజనంలో తిన్న పప్పు, ఆకుకూరల్లోని ఇనుమును కూడా ఎక్కువగా గ్రహించేలా చేస్తుంది. మూడు కోఫ్తాలలో సుమారు అరవై గ్రాముల మాంసం, పన్నెండు గ్రాముల దాకా మాంసకృత్తులు ఉంటాయి. ఒక్క పూట కోఫ్తాలతో రక్తహీనత పోదు. దానికి పరీక్ష, వైద్యుడి సలహా, మందు కావాలి. కానీ ఇంట్లో ఎర్ర మాంసం వండిన ప్రతిసారీ, అది అందరికంటే ఎక్కువ అవసరమైన మనిషికే అందకుండా పోవడం అన్యాయం కదా!

పక్కన నిమ్మచెక్క పెట్టండి. నిమ్మలోని 'సి' విటమిన్ ఇనుము ఒంటబట్టడానికి సాయపడుతుంది. భోజనం కాగానే చాయ్ తాగే అలవాటుంటే దాన్ని గంట సేపు వెనక్కి జరపండి. చాయ్ ఆ మేలును తగ్గిస్తుంది. కోఫ్తాలో బియ్యం ఉంది కనుక పళ్లెంలో అన్నం కాస్త తగ్గించుకోవచ్చు. మధుమేహం ఉన్నవారు ఈ సంగతి తప్పక గుర్తుంచుకోవాలి. జొన్న రొట్టెతో ఈ సాలన్ ఇంకా బాగుంటుంది.

చుట్టాలొస్తే, మిగిలిపోతే

పెద్ద మాంసం తినని స్నేహితులు, ఇరుగుపొరుగువారు భోజనానికి వస్తుంటే వారికి ముందే చెప్పాలి. వారి కోసం మేక లేదా కోడి ఖీమాతో, వేరే గిన్నెలో, వేరే గంటెతో వండాలి. కొలతలు ఇవే. కోడి ఖీమాకు ఇంకాస్త జిగురు అవసరం కనుక పుట్నాల పొడి రెండు చెంచాలు కలపండి. పిలిచి పెట్టే అన్నంలో అతిథికి అనుమానం మిగలకూడదు.

అనుకోకుండా ఇద్దరు ఎక్కువైతే? ఇరవై నాలుగు కోఫ్తాలను పది మందికి పంచాలి. తలకు రెండు, నాలుగు మిగులు. అప్పుడు సాలన్‌లో నాలుగు ఉడికించిన గుడ్లను సగానికి కోసి వేయండి. మిగిలిన నాలుగు కోఫ్తాలు గర్భిణులకు, బాలింతలకు, ఎదిగే పిల్లలకు వెళ్లాలి. వాటా తగ్గితే అందరికీ తగ్గాలి గాని, వండిన ఒక్క మనిషికే తగ్గకూడదు.

మిగిలిన కోఫ్తాలను గిన్నెతో సహా పొయ్యి గట్టు మీద తెల్లారేదాకా ఉంచే అలవాటు మానుకోవాలి. ఇందులో మాంసమూ ఉంది, అన్నమూ ఉంది. రెండూ చెడిపోయేవే. ఉడికిన అన్నంలో పెరిగే ఒక రకం క్రిమి విడిచే విషం మళ్లీ వేడిచేసినా పోదు. వండిన రెండు గంటలలోపు వెడల్పాటి పళ్లెంలోకి తీసి, చల్లార్చి, ఫ్రిజ్‌లో పెట్టండి. మర్నాటికి వాడేయండి. వేడిచేసేటప్పుడు గింజ సాలన్‌ను పీల్చేసి ఉంటుంది కనుక అర గ్లాసు నీళ్లు పోసి, బాగా తెర్లేదాకా మరిగించండి. రంజాన్ నెలలో రాత్రి వండి ఫ్రిజ్‌లో పెట్టుకుంటే సహరీకి ఇలా వేడిచేసుకోవచ్చు. ఫ్రిజ్ లేని ఇంట్లో ఆ పూటకు సరిపడేంతే చేయడం మంచిది. లెక్కపెట్టి చేసే వంట కనుక అదేమీ కష్టం కాదు.

పంక్తిలో వలపక్షం పనికిరాదని మన పెద్దలు అంటారు. దావత్‌లలో, పెళ్లి పందిళ్లలో ఆ మాట అందరికీ గుర్తుంటుంది. ఇంటి దస్తర్‌ఖాన్ మీదే మరచిపోతుంటాం. ఈ వారం కోఫ్తాలు చేసిన ఇళ్లలో, భోజనాలకు కూర్చునే ముందు ఇంటి పెద్ద ఒక్కసారి గిన్నె మూత తీసి చూడాలి. వండిన మనిషికి మూడు ఉన్నాయో లేవో లెక్కపెట్టాకే మొదటి ముద్ద ఎత్తాలి.